ఎవరూ అడగని బంతి

ఆల్డర్‌కోంబ్,
జూలై నెల, ఆదివారం మధ్యాహ్నం.

ప్రియమైన హెస్టర్‌కు,

నీ భర్త లయనెల్ రాసేది. ఇక్కడ అందరం క్షేమం. అక్కడ మీ అక్కయ్య, బావగారు, నువ్వు క్షేమమని తలుస్తాను. 'అందరం' అనే మాట అలవాటు కొద్దీ కలంలోంచి జారిపోయింది. అందరం అంటే నేనూ, వంటావిడ టిడ్‌మార్ష్ గారూ, పిల్లీ. ఆ మాట కొట్టేద్దామనుకున్నాను గానీ, కొట్టేస్తే ఆ గీతే ఎక్కువ కనబడుతుందని వదిలేశాను.

నీ ఉత్తరం ఈ వారం మొదట్లో అందింది. మీ సముద్రపు గాలికి కాగితం మెత్తబడి ఉంది. అందులో నువ్వు అడిగినవాటికి వరసగా జవాబులు రాస్తాను. ఆఖరున అడిగినదానికి మాత్రం ఆఖరునే. "పేజీలకు పేజీలు నింపేవాడివి కదా, దీనికి ఒక్క వాక్యం రాయి చాలు. అది చూశాక ఇంటికి రావాలో, ఇక్కడే ఉండిపోవాలో ఆలోచించుకుంటాను" అన్నావు. ఆ ప్రశ్న చదివి ఉత్తరం మడిచి కోటు జేబులో పెట్టుకున్నాను. "మేబెల్ పోయాక నువ్వు ఒక్కసారైనా ఏడ్చావా, లయనెల్?" కోటు వేసుకున్నప్పుడల్లా అది అక్కడుందని తెలుస్తూనే ఉంది.

ముందు చిన్నవి కానిద్దాం. పొగగొట్టం శుభ్రం చేయించాను. వచ్చినవాడు ముందు గదంతా మసి చేసి, టిడ్‌మార్ష్ గారి చేత తిట్లు తిని, ఆవిడ పెట్టిన కేకు కూడా తిని వెళ్ళాడు. నీ జెరానియం మొక్కలు బతికే ఉన్నాయి. నేను నీళ్ళు మరీ ఎక్కువ పోస్తున్నానని ఆవిడ గోల. "అవి మొక్కలండీ బాబూ, బాతులు కావు" అంది నిన్న. ఆవిడ మోకాలి నొప్పి అలాగే ఉంది. నువ్వు పంపిన మందు రాసుకుంటోంది. ఆ వాసనకి పిల్లి వంటింట్లోకి రావడం మానేసిందట, అదొక్కటే దానివల్ల లాభమట.

వేళకు తింటున్నావా అని అడిగావు. తింటున్నాను. ముందు పెడితే తింటాను, తీసేస్తే ఊరుకుంటాను. మొన్న రాత్రి భోజనంలో తిన్నది మాంసమో చేపో టిడ్‌మార్ష్ గారు అడిగితే చెప్పలేకపోయాను. నిద్ర కూడా పడుతోంది. ఇవేవీ ఫిర్యాదులు కావు. ఏప్రిల్ చలిలో క్యాచ్ పట్టినప్పుడు వేళ్ళు మొద్దుబారి, బంతి చేతిలో ఉందో లేదో కళ్ళతో చూసుకుంటే గానీ తెలియదు. లోపల అలా ఉంది, అంతే.

ఇంకో సంగతి. జామ్ సీసా కోసం సామాన్ల గదిలో వెతుకుతుంటే పిండి డబ్బా వెనక మేబెల్ గంజి గిన్నె, నేను చెక్కి ఇచ్చిన చిన్న బ్యాటు కనిపించాయి. గిన్నెను బ్యాటు మీద బోర్లించి, పైన గుడ్డ కప్పి పెట్టింది ఆవిడ. నా కంటపడకూడదని ఆవిడ తాపత్రయం. నేను చూసినట్టు ఆవిడకు తెలిస్తే బాధపడుతుందని, ఆ గుడ్డ ఎలా ఉందో అలాగే కప్పేసి, జామ్ లేకుండానే రొట్టె తిన్నాను. ఇంట్లో ఇద్దరమూ ఇలాగే బతుకుతున్నాం, ఒకరి కాలు ఒకరు తొక్కకుండా.

పత్రికలో నెలనెలా వస్తున్న నా కథలో ఫీబీని ఏం చేశావని అడిగావు. ఏమీ చెయ్యలేదు. దీపస్తంభం కాపలాదారు కూతురు ఫీబీ, పొగమంచులో, పడవలో, ఒళ్ళో కుక్కపిల్లతో కూర్చుని ఉంది. మే నెల సంచికలో ఎక్కడ వదిలానో అక్కడే ఉంది. ఆ కుక్కపిల్ల మేబెల్ పెట్టించినదని నీకు గుర్తుందా? "ఫీబీకి ఎవరూ లేరు కదా నాన్నా, ఒక కుక్కన్నా ఇవ్వు" అని నా కుర్చీ చెయ్యి పట్టుకుని అది వేలాడింది. ఇచ్చాను. ఇప్పుడు ఆ కుక్కకి కూడా అన్నం పెట్టే దిక్కు లేదు.

పత్రిక సంపాదకుడు బిడల్ఫ్ గారు స్వయంగా లండన్ నుంచి వచ్చారు. పాపం, ముప్పావుగంట సేపు వాతావరణం గురించి మాట్లాడారు. ఆ తరవాత ధైర్యం కూడదీసుకుని అసలు సంగతికి వచ్చారు. "పాఠకులు ఉత్తరాల మీద ఉత్తరాలు రాస్తున్నారండీ. ఆ పిల్లని పడవలో ఎంతకాలం ఉంచుతారు? ఒడ్డుకైనా చేర్చండి, లేకపోతే చక్కగా, గుండె కరిగేలా ఒక..." అని ఆగిపోయారు. ముఖం బీట్‌రూట్ దుంప అయింది. ఏం చెయ్యాలో తోచక వేడి టీ గటగటా తాగేసి నాలుక కాల్చుకున్నారు. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. టీ వల్లనే అనుకుంటాను. తరవాత మన గోడ కాగితం మీది పువ్వులను తెగ మెచ్చుకుని వెళ్ళిపోయారు. చర్చి గురువు గారూ అంతే, ఎదురింటి వాళ్ళూ అంతే. మేబెల్ పేరు నా ముందు ఒక్కరూ ఎత్తరు. మంచివాళ్ళు కాబట్టే ఎత్తరు.

ఇక ఆట సంగతి. "మళ్ళీ ఆడుతున్నావని మా బావ పేపర్లో చూశాడు, నిజమేనా?" అని రాశావు. ఆ వాక్యం రాసేటప్పుడు నీ కలం కాగితాన్ని కాస్త గీసుకుంది. గీసుకోవాల్సిందే. ఉత్తరాదిన ఆట ఆడుతూ ఉండగానే నాకు తంతి వచ్చింది. రైళ్ళు మారి నేను ఇల్లు చేరేసరికి మేబెల్ లేదు. గొంతు మూసేసే ఆ కంఠసర్పి జబ్బు నా కోసం ఆగలేదు. మళ్ళీ ఆ బ్యాటు పట్టుకున్నానంటే నీకెలా ఉంటుందో ఊహించగలను. ఊహించడం నా వృత్తి అని నువ్వే వెక్కిరించేదానివి. వృత్తి కూడా కాదులే. ఆటగాళ్ళు నన్ను రచయిత అంటారు, రచయితలు ఆటగాడు అంటారు. రెండు ఇళ్ళ చుట్టంగా పదిహేనేళ్ళు గడిపేశాను.

నిజమే, ఆడాను. మా జట్టు కెప్టెను "రావాలని బలవంతం లేదు, వస్తే సంతోషం" అని రాశాడు. ఇంట్లో గడియారం చప్పుడు వినడం కన్నా నయం కదా అని వెళ్ళాను. సంతాపంగా చేతికి కట్టుకునే నల్లగుడ్డ టిడ్‌మార్ష్ గారు కుట్టిపెట్టింది. అవతలి జట్టు ఆ ఉత్తరాది వాళ్ళే. వాళ్ళ బౌలరు జోబ్ క్రాబ్‌ట్రీ నీకు తెలుసు. కిందటి వేసవిలో అతని అరుపుకి నీ పక్కనున్న గుర్రం బెదిరి బండితో సహా పారిపోయింది, చూశావుగా. జీతానికి ఆడే మనిషి. మాలాంటి, జీతం లేకుండా సరదాకి ఆడే దొరలంటే గిట్టదు. వాళ్ళు పక్క గేటులోంచి మైదానంలోకి రావాలి, మేము మధ్య గేటులోంచి. ఆ లెక్క అతను మాతో ప్రతి బంతికీ తేల్చుకుంటాడు. నేను బ్యాటు పట్టుకుని వెళ్ళానంటే "దొరగారి బండి విప్పకండ్రా, ఇప్పుడే వెనక్కి పోతారు!" అని మైదానమంతా వినబడేలా అనేవాడు.

ఆ రోజు ఏమీ అనలేదు. టోపీ మీద చెయ్యి పెట్టి పక్కకు జరిగి దారి ఇచ్చాడు.

మొదట కాసేపు బాగానే గడిచింది. తరవాత ఒక బంతి పైకి లేచి నా బ్యాటు అంచుకు తగిలి వికెట్ కీపర్ చేతుల్లో పడింది. ఆ చప్పుడు ప్రహరీ మీద కూర్చున్నవాళ్ళకు కూడా వినబడి ఉంటుంది. ఇక అరుస్తాడు, నేను వెళ్ళిపోతాను అనుకున్నాను. మా ఆటలో మర్యాద అది కదా. అవతలివాళ్ళు అడగాలి, అంపైరు వేలెత్తాలి, మనం వెళ్ళాలి. ఎంత ఔటయినా సరే, అడగనిదే అంపైరు నోరు విప్పడు. నేను ఎదురు చూశాను. ఎవరూ అరవలేదు. కీపరు బంతిని విసిరేసి చేతి తొడుగులు సర్దుకున్నాడు. చేతులు కట్టుకుని ఒకడు మబ్బుల కేసి చూశాడు. గాలికి చెట్టు కదిలినా అంపైరును అడిగే ఆ జోబ్ క్రాబ్‌ట్రీ, బంతిని ప్యాంటుకు రుద్దుకుంటూ నాకు వీపు పెట్టి నడిచి వెళ్ళిపోయాడు.

అప్పుడే నేను వెళ్ళిపోవలసింది. కాళ్ళు కదలలేదు. తరవాత వచ్చిన బంతులన్నీ మెత్తగా, దూరంగా, కొట్టడానికి వీలుగా, చంటిపిల్లలకు వేసినట్టు వచ్చాయి. కొట్టాను. జనం చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్లు కూడా రోగి గది బయట నడిచేవాళ్ళ అడుగుల్లా ఉన్నాయి. కొడుతూనే ఉన్నాను. పరుగులు పెరుగుతూనే ఉన్నాయి. హెస్టర్, నా జీవితంలో అంత ఒంటరిగా ఎప్పుడూ నిలబడలేదు.

ఓవరు మారేటప్పుడు జోబ్ దగ్గరకు వెళ్ళాను.

"ఇందాక ఎందుకు అడగలేదు?"

"దేన్ని గురించండీ?"

"బంతి బ్యాటుకు తగిలింది జోబ్."

"ఏమో దొరా. ఆ గాలిలో నాకేం వినబడలేదు."

"గాలి ఎక్కడుంది?"

అతను నేల చూపులు చూశాడు. బూటుతో మట్టి గోకాడు. "పొద్దున్నే మా వాళ్ళందరం అనుకున్నాం లెండి. ఇవాళ మిమ్మల్ని ఏ సంగతీ అడగొద్దని. మీరు ఆడుకోండి దొరా. మాకేం పోయింది?"

కోపం వచ్చిందనుకోకు. కోపం రావడానికి కూడా లోపల చోటు లేదు. అంపైరు ముసలి స్పర్లింగ్ వైపు తిరిగాను. "స్పర్లింగ్, నేను ఔటా కాదా?"

ఆయన బంతులు లెక్కపెట్టుకోవడానికి జేబులో వేసుకున్న గులకరాళ్ళను ఇబ్బందిగా కదిపాడు. "మీరు అడిగితే నేనెలా చెబుతానండీ? వాళ్ళు కదా అడగాలి."

"వాళ్ళు అడగరు."

"అయితే మీరు ఆడుతున్నట్టే. నేనేం చెయ్యను చెప్పండి?"

జోబ్ చెయ్యి పట్టుకున్నాను. దొరలు జీతగాళ్ళ చెయ్యి పట్టుకోరు, మా కెప్టెను పెవిలియన్‌లోంచి చూస్తూ ఉండే ఉంటాడు. "జోబ్, నీకు దణ్ణం పెడతాను. వచ్చే ఓవర్లో ఒక్కటి సరిగ్గా వెయ్యి. వేసి, అడుగు."

అతను తలెత్తాడు. "నిజంగానే అంటున్నారా దొరా?"

"నిజంగానే."

వేశాడు. ఎలా వేశాడంటే, ఆరోగ్యంగా ఉన్న రోజున కూడా నేను దాన్ని ఆపలేను. వికెట్లకు అడ్డంగా ఉన్న నా కాలికి తగిలింది. అప్పుడు అడిగాడు. అరవలేదు. గుర్రాలను బెదరగొట్టే మనిషి, జబ్బుమనిషి మంచం పక్కన వంగి అడిగినట్టు, స్పర్లింగ్‌ను మెల్లగా "హౌజాట్?" అన్నాడు. స్పర్లింగ్ వేలెత్తాడు. నేను బ్యాటు చంకన పెట్టుకుని నడిచాను. ఎందుకో ఊపిరి లోపలికంటా పోయింది, ఎన్నో వారాల తరవాత.

టీ వేళ జోబ్ మా దొరల పెవిలియన్ కంచె దగ్గరకు వచ్చాడు. లోపలికి రాకూడదు కదా, అవతలే నిలబడ్డాడు. టోపీ చేతిలో నలుపుతున్నాడు.

"బాగా ఆడారు దొరా."

"నేను ఆడలేదు జోబ్. మీరు ఆడించారు."

నవ్వబోయి మానేశాడు. వెళ్ళిపోతాడనుకున్నాను. వెళ్ళలేదు. "ఎలాగూ ఒకటి అడిగించుకున్నారు కాబట్టి ఇంకోటి అడుగుతాను. తప్పయితే తిట్టండి. పాప పేరేంటండీ?"

"మేబెల్" అన్నాను.

"మేబెల్" అన్నాడు అతను కూడా. "మా అమ్మమ్మది కూడా అదే పేరు. మొండిది. ఎవరి మాటా వినేది కాదు."

"ఇదీ అంతే" అన్నాను. అంత్యక్రియల రోజు చర్చిలో గురువు గారు దాని పేరు చదివారు, నేను వినడమే గానీ పలకలేదు. ఆ తరవాత దాని పేరు నా నోటితో పైకి అనడం అదే మొదటిసారి. కంచె కడ్డీ గట్టిగా పట్టుకున్నాను. నేను కడ్డీ వదిలేదాకా అతను అక్కడే నిలబడ్డాడు.

ఇంటికి వచ్చే రైల్లో నాకు ఆ ఉదయం గుర్తొచ్చింది. నేను ఉత్తరాది నుంచి ఇల్లు చేరిన ఉదయం. ముందు గదిలో మేబెల్‌ను పడుకోబెట్టి, జుట్టు దువ్వి రిబ్బను కట్టావు. నువ్వు కుర్చీలో కూర్చుని ఉన్నావు, చేతులు ఒళ్ళో. నన్ను చూసి తలెత్తావు. నోరు కొంచెం తెరిచావు. నేను నీ భుజం మీద చెయ్యి వేసి ఏమన్నానో గుర్తుందా? "టీ తాగావా?" అన్నాను. "తాగాను" అన్నావు. మళ్ళీ నోరు మూసుకున్నావు. అంతే. ఆ రోజు గానీ, మర్నాడు గానీ, నువ్వు పెట్టె సర్దుకుని మీ అక్కయ్య దగ్గరకు వెళ్ళేదాకా గానీ, నేను నిన్ను ఏమీ అడగలేదు. అడిగితే నిన్ను మళ్ళీ ఆ గదిలోకి ఈడ్చినట్టవుతుందని, అడగకపోవడమే పెద్దమనిషి తరహా అని అనుకున్నాను. మా నాన్న అలాగే పెంచాడు, బడిలో అలాగే నేర్పారు. నువ్వు ఆ కుర్చీలో, నేను ఆ మైదానంలో నిలబడినట్టే కూర్చున్నావు. ఎవరైనా అడుగుతారేమోనని.

నాది మర్యాద అని కూడా పూర్తిగా అనలేను. మర్యాద సగమే. మిగతా సగం భయం. ఇదే నీకు ఇన్నాళ్ళూ చెప్పనిది. అడిగితే నువ్వు చెబుతావు. చెబితే నేను విన్నవాణ్ణవుతాను. వింటే అది జరిగినట్టే. నా నవలల్లో చచ్చిపోయేవాళ్ళు ఎంతసేపు మాట్లాడతారో తెలుసు కదా, ఆ ముసలి జనరల్ ప్రాణం పోవడానికి రెండు అధ్యాయాలు పట్టిందని నువ్వు దిండులో మొహం దాచుకుని నవ్వావు. అలాంటివాడికి తన కూతురి ఆఖరి మాట ఏమిటో తెలియదు. ఎవరూ చెప్పలేదు. ఎవరూ ఎందుకు చెబుతారు, నేను అడగందే?

ఇప్పుడు నీ ప్రశ్నకు నా ఒక్క వాక్యం. లేదు హెస్టర్, నేను ఇంకా ఏడవలేదు. ఆ కంచె దగ్గర కూడా ఏడవలేదు. ఇది నువ్వు కోరుకున్న జవాబు కాదని తెలుసు. కానీ అడిగింది నువ్వొక్కదానివే. అందుకే నిజం చెబుతున్నాను. బిడల్ఫ్ గారు అడిగి ఉంటే బోలెడు కన్నీళ్ళు రాసిచ్చేవాణ్ణి.

నువ్వు రానక్కర్లేదు. బుధవారం పొద్దుటి బండికి నేనే వస్తున్నాను. మీ అక్కయ్యను నా కోసం ప్రత్యేకంగా ఏమీ వండొద్దని చెప్పు. టిడ్‌మార్ష్ గారికి చెప్పి ఆ గిన్నే, ఆ బ్యాటూ బయటకు తీయించాను. ఆవిడ వంటింట్లో అంతసేపు ఏడుస్తుందని నాకు తెలియదు. వాటిని నీ పెట్టెలో వెయ్యమంటావా, వాటి చోటనే ఉంచమంటావా, అది కూడా నిన్నే అడుగుతాను. ఫీబీ అప్పటిదాకా పడవలోనే ఉంటుంది.

మనం ఒడ్డున ఎక్కడైనా కూర్చుందాం. ఆ ఆఖరి రోజు సంగతి మొదటినుంచీ చెప్పు. జ్వరం ఎప్పుడు పెరిగింది, డాక్టరు ఏమన్నాడు, నువ్వేం చేశావు, అంతా. ఆపకుండా చెప్పు, నేను గుడ్డ కప్పను. కానీ ఒక్కటి మాత్రం బుధవారం దాకా మోసుకురాలేను, ఇక్కడే అడిగేస్తున్నాను.

చివర్లో అది నాన్న ఏడని అడిగిందా?

ఇట్లు,
మేబెల్ నాన్న
లయనెల్